దేముడమ్మకు రోగం లేదు

2018 జూన్‌లో నేను శ్రీకాకుళం జిల్లాలోని ఒక ప్రభుత్వ ఆసుపత్రిలో, మానసిక ఆరోగ్య విభాగంలో క్లినికల్ సైకాలజిస్టుగా ఉన్నాను. ఉద్యోగంలో నాకు అదే చివరి పోస్టింగు. మా వృత్తి గురించి బయట చాలామందికి ఒక పొరపాటు అభిప్రాయం ఉంది కనుక ముందే చెబుతాను. మందులు రాసేది సైకియాట్రిస్టు. ఆయన వైద్యం చదివి, ఆ పైన మానసిక వైద్యం చదివిన డాక్టరు. సైకాలజిస్టు మందు రాయడు. మనిషిని కూర్చోబెట్టి మాట్లాడించడం, పరీక్షలు పెట్టడం, ఇంటివాళ్లనూ ఇరుగుపొరుగునూ విచారించడం, చివరికి ఒక అభిప్రాయం రాయడం అతని పని. ఆ రోజుల్లో మా దగ్గర సైకియాట్రిస్టు పోస్టు ఖాళీగా ఉండేది. అందువల్ల నేను రాసిన అభిప్రాయం నేరుగా సూపరింటెండెంటుగారి బల్ల మీదికి వెళ్లేది. ఆయన ఎముకల డాక్టరు. మనసుకు సంబంధించిన కాగితం ఏది వచ్చినా, కింద నా సంతకం ఉందో లేదో చూసి తన సంతకం పెట్టేవారు.

సముద్రంలో వేట నిషేధం ముగిసి పడవలు మళ్లీ బయల్దేరిన రోజులవి. చేపలు గుడ్లు పెట్టే కాలమని వేసవిలో రెండు నెలలు వేట ఆపిస్తారు. ఆ రెండు నెలలూ మత్స్యకారుల ఇళ్లలో రోజులు కటకటగా గడుస్తాయి. నిషేధం ఎత్తేశాక మొదటి వారం రేవుల్లో రద్దీ, అరుపులు, తోపులాటలు మామూలే. ఆ వారంలోనే నాకొక రిఫరల్ వచ్చింది. ఫలానా మనిషిని పరీక్షించి చెప్పమని పంపే ఉత్తరాన్ని మేము రిఫరల్ అంటాం. నౌపడ ఉప్పు మడులు దాటాక సముద్రపు ఒడ్డున ఉన్న ఒక ఊరి రేవు కమిటీ దాన్ని పంపింది. ఆ ఊరి పేరు ఇక్కడ రాయను.

ఉత్తరం సారాంశం ఇది. దేముడమ్మ అనే చేపల వ్యాపారి, వయసు సుమారు యాభై, చేపల వేలం షెడ్డులో విధుల్లో ఉన్న సూపర్‌వైజరును తోసివేయగా అతని మణికట్టు ఎముక చిట్లింది. ఆమె తరచూ ఆగ్రహావేశాలకు లోనవుతూ తోటివారిని దుర్భాషలాడుతుంది. కనుక ఆమెను పరీక్షించి, వ్యాధి నిర్ధారించి, తగిన చికిత్స ఇప్పించగలరు. అందులో వ్యాధి ఉందా అని అడగలేదు. ఉందని వాళ్లే తేల్చేసి, దాని పేరు నన్ను రాయమన్నారు. జవాబు ముందే రాసి పెట్టిన ప్రశ్నలంటే నాకు మొదటినుంచీ పడదు.

అయితే ఆ ఉత్తరం వెనక ఒక ఏర్పాటు ఉందని తరువాత తెలిసింది. సూపర్‌వైజరు పోలీసు స్టేషనులో ఫిర్యాదు ఇచ్చాడు. కేసు కట్టకముందు స్టేషనులో పెద్దమనుషులు కూర్చుని ఒక దారి చెప్పారు. ఆమెకు కోపం జబ్బు ఉందని ఆసుపత్రి సర్టిఫికెట్ ఇస్తే, తెలియక చేసిన పని కింద లెక్కేసి ఫిర్యాదు వెనక్కి తీసుకుంటారు. కొన్నాళ్లు మందు వాడి మళ్లీ షెడ్డులో కూర్చోవచ్చు. జబ్బు లేకపోతే మాత్రం అది తెలిసి చేసిన దాడి. కేసు నడుస్తుంది, షెడ్డులో ఆమె చోటు పోతుంది. పైకి చూస్తే ఇది ఆమె మేలు కోరి చేసినట్టే ఉంది.

ఆమె తన తమ్ముడు అప్పన్నతో కలిసి వచ్చింది. పొడుగు మనిషి. చీర కుచ్చిళ్లు బొడ్లో దోపుకుని, కుర్చీ చివర కూర్చుంది. నేను పేరు అడిగేలోపే ఆమె మొదలుపెట్టింది.

"డాట్రు బాబూ, నాకేటయినాదని తీసుకొచ్చినాడో ముందు ఈడ్ని అడగండి."

"నీకేటీ అవనేదు అప్పా," అన్నాడు అప్పన్న అక్కతో. "అయినాదని రాయించుకుంటే గొడవ పోతాది. అంతే."

"అవనిది రాయించుకోడానికి ఇదేటి, రేషన్ కార్డా?"

నేను డాక్టరును కాదని చెప్పాను. ఇద్దరూ దాన్ని పట్టించుకోలేదు.

కోపాన్ని పరీక్షించడం అంటే ఏమిటో కొంచెం చెప్పాలి. కోపం వేరు, దాడి వేరు. కోపం లోపల కలిగే భావం. దాడి బయట చేసే పని. రోజూ కోపం వచ్చేవాళ్లలో చాలామంది ఎవరినీ కొట్టరు. కొట్టేవాళ్లలో కొందరికి ఆ సమయాన కోపమే ఉండదు. అదుపు లేని ఆగ్రహం అనే జబ్బు ఒకటి ఉన్న మాట నిజమే. కానీ దానికి షరతులున్నాయి. అది పదేపదే రావాలి. కారణానికి ఎన్నో రెట్లు మించి ఉండాలి. ఒక్క చోట కాదు, ఇంట్లో, వీధిలో, పనిలో కనిపించాలి. ముందుగా అనుకుని చేసింది కాకూడదు. చేసినవాడు తరువాత దానివల్ల బాధపడాలి, లేదా నష్టపోవాలి. ఇవన్నీ అడిగి రాసుకోవాలి. ఒక్క సంఘటన చూసి ఆ పేరు పెట్టడానికి వీల్లేదు.

అవన్నీ వరుసగా అడిగాను. ఇంట్లో కోపం వస్తుందా అన్నాను.

"ఇంట్లో ఎవుడి మీద బాబూ? మాయాయన గుజరాత్ బోట్ల మీద, నాను రేవులో. ఫోన్లో తిడితే సార్జింగు దండగ."

సామాన్లు విసిరేస్తావా అని అడిగాను. కొనుక్కున్న సామాను ఎవరైనా విసురుతారా అని ఎదురు అడిగింది. ఇంతకు ముందు ఎవరినైనా కొట్టావా అంటే, పెద్దకొడుకును చిన్నప్పుడు బడి ఎగ్గొట్టినందుకు ఒకసారి కొట్టానంది. అప్పన్న అది నిజమేనని తలూపాడు.

"సూపర్‌వైజరును తోశావా?"

"తోసినాను. రెండు సేతుల్తోటీ తోసినాను. నేదని ఎవులితోటీ అననేదు."

"ఎందుకు తోశావు?"

"గంప ఎత్తీసినాడు."

నాది శృంగవరపుకోట వైపు, కొండల కింది ఊరు. సముద్రం పక్క ఆచారాలు నాకు పూర్తిగా తెలియవు. గంప ఎత్తడం ఏమిటని అడిగితే ఆమె నన్ను కొంచెం జాలిగా చూసి వివరించింది. రేవులో ఆడవాళ్ల మధ్య మాటామాటా వస్తుంది. చోటు కోసం, బేరం కోసం, ఒకరి గిరాకీని మరొకరు పిలిచినందుకు. తిట్టుకోవడం మొదలైతే అది గట్టిగానే సాగుతుంది. మాటలు మరీ ఎక్కువైపోతున్నాయని తోచినప్పుడు ఇద్దరిలో ఒకరు తన ఖాళీ గంపను నేల మీద బోర్లిస్తారు. ఇక ఆ పూటకు ఇద్దరూ నోరు మూసుకోవాలి. తగువు గంప కింద ఉన్నట్టు లెక్క. మరునాడు గంప బోర్లించిన మనిషే వచ్చి ఎత్తుతుంది. కోపం మిగిలి ఉంటే ఆపిన చోటునుంచి మళ్లీ మొదలుపెట్టవచ్చు. చాలాసార్లు, ఏ మాట దగ్గర ఆపారో ఇద్దరికీ గుర్తుండదు.

"వేరేవాళ్లు ఎత్తకూడదా?"

"బోర్లించినోలే ఎత్తాల. మా అత్త కూడా నా గంప ముట్టుకునీది కాదు."

గంప ఎత్తినందుకు మనిషిని తోసేస్తారా అని చదివేవాళ్లకు అనిపించవచ్చు. కమిటీవారికీ అలాగే అనిపించింది. కోపం వచ్చిన మనిషి ఒంట్లో గుండె వేగం పెరుగుతుంది, ఊపిరి పైపైన ఆడుతుంది, కండరాలు బిగుసుకుంటాయి. గొడవ ఆగిన వెంటనే అదంతా ఆగిపోదు. ఒళ్లు చల్లబడడానికి కొంత వ్యవధి పడుతుంది. మనిషి తాను శాంతించాననుకుంటాడు, ఒళ్లు ఇంకా శాంతించి ఉండదు. ఆ వ్యవధిలో రెండోసారి కదిలిస్తే, మామూలుగా అయితే పెద్దగా పట్టించుకోని విషయానికి కూడా చెయ్యి లేస్తుంది. గంప ఆ వ్యవధిని ఇస్తుంది. ముందుగా ఆపినవారు ఓడినట్టు కాకుండా కూడా చూస్తుంది. చదువుకున్నవాళ్లు, నోటితో తిట్టేస్తే కోపం కారిపోతుంది, అందుకే వాళ్లు కొట్టుకోరు అని దీన్ని వివరిస్తూ ఉంటారు. అది తప్పు. తిట్టడంవల్ల కోపం తగ్గదు. చాలాసార్లు వేడి మీదే ఉంటుంది. ఆ రేవులో తిట్లు చేతులదాకా వెళ్లకపోవడానికి కారణం తిట్లకు ఒక కట్టుబాటు ఉండడం. ఎంత దూరంలో నిలబడాలో, ఎప్పుడు ఆపాలో అందరికీ తెలుసు. దాన్ని బయటి మనిషి మధ్యలో తెంచాడు.

కానీ ఇదంతా ఆమె చెప్పిన మాట. మా పనిలో ఒక్కరి మాట మీద ఏదీ రాయకూడదు.

కమిటీ కార్యదర్శి ఉత్తరంతో పాటు సాక్ష్యంగా ఒక వీడియో ఫోనుకు పంపించారు. నిమిషం కూడా లేదు, ముందు భాగం కోసేసినట్టు మధ్యలో మొదలవుతుంది. దేముడమ్మ ముఖం పెద్దదవుతూ దగ్గరికి వస్తుంది, రెండు చేతులు ముందుకు వస్తాయి, తరువాత షెడ్డు పైకప్పు రేకులు గిర్రున తిరుగుతాయి. చూసినవారెవరైనా ఆమెను ఉగ్రరూపం అనుకోవాల్సిందే. సూపరింటెండెంటుగారు కూడా అదే అన్నారు. నేను దాన్ని చాలాసార్లు చూశాను. ఆమె కదలకముందే ఫోను ఆమె వైపు ఎత్తి ఉంది. గొడవేమీ లేని చోట, ఎదుటి మనిషి ఇంకా లేవకముందే, ఆ మనిషి మీద ఫోను ఎందుకు పెడతారు? పైగా సూపర్‌వైజరు పడబోయే ముందు ఒక నవ్వు వినిపిస్తోంది. అది ఫోను పట్టుకున్నవాడి నవ్వే.

ఎదుటివారి ప్రవర్తనను చూసేటప్పుడు మేము మూడు విషయాలు అడుగుతాం. ముందు ఏం జరిగింది, మనిషి ఏం చేశాడు, తరువాత ఏం జరిగింది. కమిటీ ఉత్తరంలోనూ, వీడియోలోనూ రెండోది, మూడోది వివరంగా ఉన్నాయి. మొదటిది లేదు. దానికోసం నేను రేవుకు వెళ్లాలని నిర్ణయించుకున్నాను. ఆసుపత్రి వాహనం అడిగితే ఇవ్వలేదు. ఆమదాలవలసలో రైలెక్కి నౌపడలో దిగి, అక్కడినుంచి ఆటోలో వెళ్లాను.

వెళ్లేసరికి మధ్యాహ్నం వేలం సాగుతోంది. షెడ్డు రేకులది, మూడు పక్కలా తెరిచి ఉంది. తూర్పు పక్క, గాలి వచ్చే వైపు, లారీలవాళ్ల ఐసు పెట్టెలు వరుసగా పేర్చి ఉన్నాయి. ఆడవాళ్లు పడమటి ఎండలో కూర్చుని ఉన్నారు. దేముడమ్మ ఎవరితో తగువు పడి గంప బోర్లించిందో ఆ మనిషిని అడిగి పట్టుకున్నాను. పోలమ్మ అనే ఆమె. దేముడమ్మకు వరసకు వదిన.

"మీ ఇద్దరికీ ఎన్నాళ్లనుంచి పడదు?"

"దాని పెళ్లయిన కాడ్నించి బాబూ. నా పక్కనే గంపెట్టుకోవాలని దానికి ఎవులు సెప్పినారు?"

"ఆమెకు కోపం ఎక్కువా?"

"దానికా?" పోలమ్మ కొంచెం నొచ్చుకున్నట్టు అడిగింది. "నా కంటె తక్కువే."

"ఎవరినైనా కొట్టడం చూశావా?"

"దాని నోరు మంచిది కాదు. సేతులు మంచియే."

ఆ రోజు ఏం జరిగిందో ఆమె చెప్పింది. తగువు మంచి పాకంలో ఉండగా సూపర్‌వైజరు సతీష్ జేబులోంచి ఫోను తీశాడు. అది మొదటిసారి కాదు. ఈ ఆడవాళ్లు తిట్టుకుంటూ ఉంటే వీడియో తీసి స్నేహితులకు పంపడం అతనికి అలవాటు. ఆ రోజు అతను వీడియో మొదలుపెట్టేలోపే దేముడమ్మ గంప బోర్లించి తగువు ఆపేసింది. ఇద్దరూ ఎవరి పనిలో వాళ్లు పడ్డారు. అప్పుడతను వచ్చి, కాలితో గంపను లేవనెత్తి, ఫోను ఎదురుగా పెట్టి, "కానీ అత్తా, మళ్లీ అందుకో, జనం చూడాలి" అని నవ్వాడు.

"మరి నువ్వేం చేశావు?"

"నానే ముందర ఎల్దును బాబూ. నాకు మోకాళ్ల నొప్పి. లేసీసరికి అది ఎల్లిపోనాది." ఆగి మళ్లీ అంది. "దాన్ని తిట్టడానికి నానున్నాను. మజ్జన ఆడెవుడు?"

సతీష్‌ను కూడా కలిశాను. చేతికి కట్టు ఉంది. వేరే జిల్లానుంచి వచ్చిన కుర్రవాడు, డిగ్రీ చదివాడు. అబద్ధం ఆడలేదు. గంప ఎత్తిన మాట నిజమే అన్నాడు. నిజంగానే అర్థం కాక నన్ను ఒక ప్రశ్న అడిగాడు. వాళ్లు ఒకరినొకరు ఎంతెంత మాటలో అనుకుంటారు, దానికి చెయ్యెత్తరు. నేను ఒక్క చెడ్డమాట అనలేదు, అత్తా అనే పిలిచాను, నన్నెందుకు తోసింది సార్, అని.

దానికి మా శాస్త్రంలో జవాబుంది. దాడులు రెండు రకాలు. ఒకటి వేడి మీద జరిగేది: ఎవరో కదిలిస్తారు, ఒళ్లు మండుతుంది, చెయ్యి ముందుకు వెళుతుంది. రెండోది చల్లగా జరిగేది: చేసేవాడికి కోపం ఉండదు, గుండె కూడా వేగంగా కొట్టుకోదు, అతనికి కావలసింది వేరే ఏదో ఉంటుంది, దానికోసం ఎదుటి మనిషిని రెచ్చగొడతాడు. లోకం మొదటిదాన్నే చూస్తుంది, ఎందుకంటే అందులో చప్పుడు ఉంటుంది. ఆ రోజు షెడ్డులో రెండూ జరిగాయి. మొదట జరిగింది చల్లనిది, సతీష్ చేసింది. ఎముక చిట్లింది మాత్రం ఆ తరువాత జరిగిన వేడిదాంట్లో కనుక ఉత్తరం దాని గురించే వచ్చింది.

అయినా ఒక సందేహం మిగిలింది. ఒక కుర్రవాడు చేసిన ఆకతాయి పనికి, ఆమెకు రోగం ఉందని అనిపించడంలో కమిటీకి అంత పట్టుదల ఎందుకు? పోలమ్మే చెప్పింది. తూర్పు పక్క నీడ ఐసు పెట్టెలకు ఎందుకిచ్చారని, ఆడవాళ్లకని వేస్తామన్న నీళ్ల కుళాయి ఏమైందని కమిటీ కూర్చున్నప్పుడల్లా లేచి అడిగేది దేముడమ్మ ఒక్కతే. మిగతావాళ్లు ఆమె వెనక నిలబడతారు. ఆమె లేకపోతే అడిగే మనిషి లేదు.

తిరిగి వచ్చాక సూపరింటెండెంటుగారు నన్ను పిలిచి కూర్చోబెట్టారు. ఆయన చెడ్డవారు కారు. విన్నదంతా విని, సరే, రోగం లేదు, అయినా రాయండి అన్నారు. ఆవిడకు కేసు తప్పుతుంది, చోటు దక్కుతుంది, మనకూ గొడవ వదులుతుంది. మీరు పుస్తకం పట్టుకుని కూర్చుంటే ఆ మనిషి కోర్టు చుట్టూ తిరగాలి.

విరగని కాలికి మీరు కట్టు కడతారా అని అడిగాను.

ఆ కట్టువల్ల ఒక పేద మనిషికి జైలు తప్పుతుందంటే కడతాను, అన్నారాయన.

 ఆయన చెప్పినదాంట్లో న్యాయం ఉంది. నేను నిజం రాస్తే నష్టపోయేది నేను కాదు, ఆమె. కాబట్టి రాసే ముందు ఆమెనే అడగాలనుకున్నాను. అది నియమం కూడా. పరీక్ష ఫలితం ముందుగా తెలుసుకునే హక్కు పరీక్షింపబడిన మనిషిదే.

ఇద్దరినీ మళ్లీ పిలిపించి, రెండు దారులూ దాచకుండా చెప్పాను. రోగమని రాస్తే ఏమవుతుంది, లేదని రాస్తే ఏమవుతుంది. అప్పన్న నా బల్ల మీద రెండు చేతులూ పెట్టి బతిమాలాడు.

"ఎట్టీండి బాబూ సంతకం. కాయితమ్ముక్కే కదా. దీనికి ఏటి తెలుస్తాది, కోరుటు సుట్టూ తిరగవలసింది నాను."

దేముడమ్మ తమ్ముడి చేతులు బల్ల మీదినుంచి తీయించింది. తరువాత నన్ను అడిగింది.

"రోగమని రాస్తే మందులిస్తారు. ఎన్నాళ్లు?"

కొన్ని నెలలని చెప్పాను.

"ఆ తరువాత పోయిందని రాస్తారా?"

తగ్గిందని రాస్తారు, లేదని రాయరు, అన్నాను.

"అయితే ఇనండి. రేపు నాను కమిటీలో లేసి కుళాయి ఏదిరా అంటాను. అప్పుడు ఆలు ఏటంటారు? అత్తా, ఈ పూట మాత్ర ఏసుకున్నావా అంటారు. అందరూ నవ్వుతారు. మరి నానేటి అడిగినా రోగమే." తమ్ముడివైపు తిరిగింది. "ఒరే అప్పన్నా, సోటు పోతే ఊళ్లమ్మట తిరిగి అమ్ముకుంటాను. నోరు పోతే దేనితోటి అమ్మమంటావు?"

"అది కాదప్పా..."

"తోసినాను. ఆడి సెయ్యి ఇరిగింది. దానికేటి సెయ్యాలో సేస్తాను. కోపం వచ్చినందుకు మాత్రం నానేటీ సెయ్యను."

కోపం, దాడి వేరువేరని ఆమెకు నేనెప్పుడూ చెప్పలేదు. నేను రాయబోతున్నది మాత్రం సరిగ్గా అదే.

అభిప్రాయం ఆ రోజే రాశాను. మొదటి పేరాలో పరీక్ష చేసిన విధానం, విచారించిన మనుషులు. రెండో పేరాలో, ఈమెకు ఏ మానసిక వ్యాధీ లేదు, చికిత్స అవసరం లేదు. మూడో పేరాలో, సంఘటనకు ముందు జరిగినదాన్ని పూర్తిగా రాసి, ఆమె కోపం కారణానికి తగ్గట్టుగానే ఉందని, తోయడం మాత్రం ఆమె చేసిన పని కనుక దానికి ఆమె బాధ్యురాలని, ఆ బాధ్యతను ఆమె ఒప్పుకుంటోందని రాశాను. నాలుగో పేరా రాయకపోయినా ఎవరూ అడిగేవారు కాదు. కానీ రాశాను. తోటివారి గొడవను ఫోనులో తీసి పంచుకోవడం, ఆగిన గొడవను తిరిగి రెచ్చగొట్టడం కూడా దాడి కిందికే వస్తాయని, కమిటీ తన ఉద్యోగి విషయంలో ఏం చేయబోతోందో తెలియజేయాలని అందులో కోరాను.

సూపరింటెండెంటుగారు చదివి, నాలుగో పేరా తీసేయమన్నారు. తీయనన్నాను. సంతకం పెట్టనన్నారు. పెట్టకపోతే ఏ కారణంతో పెట్టలేదో కాగితం మీద రాసి ఇవ్వమన్నాను. రెండు రోజులు కాగితం ఆయన దగ్గరే ఉంది. మూడో రోజు సంతకంతో వచ్చింది.

కమిటీ విచారణ రేవులోనే, షెడ్డు పక్కన మీటింగు హాలులో జరిగింది. నన్ను రమ్మన్నారు. కార్యదర్శి, ఇద్దరు సభ్యులు, స్టేషనునుంచి ఒక హెడ్ కానిస్టేబులు ఉన్నారు. సతీష్ ఒక పక్క, దేముడమ్మ ఒక పక్క. కిటికీల దగ్గర ఆడవాళ్లు నిలబడ్డారు. పోలమ్మ అందరికంటే ముందు ఉంది.

కార్యదర్శి నా అభిప్రాయం చదివించుకుని, మీరు చదువుకున్నవారు, ఇంత బరితెగించిన మనిషికి రోగం లేదంటే ఎలా నమ్మేది అన్నారు. షరతులు వరుసగా చెప్పాను. ఆయన వినలేదు. చివరికి ఇలా అడిగారు:

"అయితే ఈవిడకు మళ్లీ కోపం రాదని మీరు హామీ ఇస్తారా?"

"ఇవ్వను," అన్నాను. "మళ్లీ అలా చేస్తే మళ్లీ వస్తుంది. రావాలి కూడా. రాకపోతే అప్పుడు నా దగ్గరికి పంపండి, పరీక్షిస్తాను."

కిటికీల దగ్గర కదలిక. హెడ్ కానిస్టేబులు టోపీ సర్దుకుంటూ ముఖం పక్కకు తిప్పుకున్నాడు.

దేముడమ్మను అడిగారు. తోశానంది. చెయ్యి విరిగినందుకు తప్పు తనదేనని సతీష్ వైపు చూసి చెప్పింది.  సతీష్ తన కట్టు వైపు చూసుకుని, తనకు కేసు వద్దన్నాడు. ముందు గంప ఎత్తింది తానేనని కూడా అన్నాడు. హెడ్ కానిస్టేబులు ఆ మాట రాసుకున్నాడు. సభ్యులు తమలో తాము మాట్లాడుకుని, ఆషాఢం వెళ్లేదాకా దేముడమ్మ షెడ్డులోకి రాకూడదని తీర్పు చెప్పారు. వేలం జరిగేటప్పుడు సిబ్బంది ఫోన్లు బయటికి తీయకూడదని కూడా చెప్పారు. కార్యదర్శి కాగితాలు సర్దుకుని లేవబోయారు.

"మరి కుళాయి సంగతేటి?" అంది దేముడమ్మ.

ఇది దానికి సమయం కాదని కార్యదర్శి అన్నారు.

"నాకు రోగం నేదని రాసినారు కదా బాబూ. ఇప్పుడు నాను అడిగితే మీరు సమాధానం సెప్పాల."

ఆయన తిరిగి కూర్చున్నారు. కూర్చోక తప్పలేదు. కిటికీల దగ్గరున్నవాళ్లు లోపలికి వచ్చేశారు. సమాధానం ఆ రోజు పూర్తిగా రాలేదు. కుళాయి దసరాకు వచ్చింది. తూర్పు నీడలో సగం మాత్రమే ఆడవాళ్లకు దక్కింది. మిగతా సగం గురించి నేను పదవీ విరమణ చేసేనాటికి వాళ్లు ఇంకా అడుగుతూనే ఉన్నారు. ఆషాఢమంతా దేముడమ్మ గంప నెత్తిన పెట్టుకుని లోపలి ఊళ్లు తిరిగింది. ఆమెకు నష్టం జరిగింది. జరగలేదని నేను చెప్పను.

నాకు ఒక మెమో వచ్చింది. అడగని విషయాలపై వ్యాఖ్యానించినందుకు సంజాయిషీ ఇవ్వమన్నారు. సంఘటనకు ముందు జరిగినది రాయకుండా ప్రవర్తన మీద అభిప్రాయం రాయడం మా వృత్తిలో కుదరదని జవాబు ఇచ్చాను. ఆ మెమో మీద ఆ తరువాత ఏ చర్యా తీసుకోలేదు, ఉపసంహరించుకోనూ లేదు. నా సర్వీసు ఫైలులో అది ఇప్పటికీ ఉండి ఉంటుంది. ఉండనివ్వండి.

ఇలాంటి ఉత్తరాలు ఆ తరువాతా వచ్చాయి. ఒక ఫ్యాక్టరీనుంచి ఒకటి, ఒక హాస్టలునుంచి ఒకటి, కోడలికి కోపం జబ్బని ఒక అత్తగారినుంచి ఒకటి. అందులో నిజంగా జబ్బు ఉన్నవాళ్లు ఉన్నారు. వాళ్లకు చికిత్స చేశాం, తగ్గింది. రేవు సంఘటన తరువాత నేను నా పద్ధతిలో ఒక్క మార్పు చేసుకున్నాను. ఎవరి కోపమైనా నా దగ్గరికి వచ్చినప్పుడు, ఈ కోపం పోతే ఎవరికి సుఖమో ముందు విచారించేవాణ్ని. సుఖపడేది ఆ మనిషే అయితే చికిత్స మొదలుపెట్టేవాణ్ని. వేరేవాళ్లయితే, ఆ వేరేవాళ్లను పిలిపించేవాణ్ని.